నీచు కట్టు

మొన్న మా మనవరాలు బడిలో మెట్ల మీద నుంచి పడి ముంజేయి విరగ్గొట్టుకుంది. కోడలితో పాటు నేనూ ఆసుపత్రికి వెళ్లాను. ఎముకల డాక్టరు కట్టు వేసి, పిల్ల వేళ్లు ఒక్కొక్కటిగా పట్టుకుని కదిలించి చూశాడు. తర్వాత కోడలితో, "వేళ్లు చల్లబడినా, నీలంగా మారినా, తిమ్మిరిగా ఉందన్నా, నొప్పి ఓర్చుకోలేకపోతున్నా వెంటనే తీసుకురండి. తెల్లారాక చూద్దాంలే అనుకోవద్దు" అన్నాడు. అంతే. ఆ మాట చెప్పడానికి ఆయనకు గుక్కెడు నీళ్లు తాగేంత సేపు కూడా పట్టలేదు. కోడలు తలూపి మందుల చీటీ తీసుకుంది.

నాకు మాత్రం ఒళ్లు మండింది. ఇంత చిన్న మాట నా చిన్నప్పుడు మా ఇంట్లో ఉన్న అంతమంది పెద్దవాళ్లలో ఒక్కరికీ తెలియకపోయిందే అని. తెలియకపోవడం వేరు, దాన్ని కొంతవరకు ఓర్చుకోవచ్చు. తెలిసి ఊరుకున్న మనిషి ఒకాయన ఉన్నాడు. నేను మరిచిపోనిది అది.

అప్పటికి నాకు రెండు చేతులూ ఉన్నాయి. మాది ఆదోనిలో పత్తి వ్యాపారం చేసే ఇల్లు. వీధివైపు మండీ, దాని వెనక మేముండే ఇల్లు, ఇంటి వెనక గొడ్ల కొట్టం. పత్తి కాలం వచ్చిందంటే వీధిలో ఎద్దుల బండ్లు బారులు తీరేవి. కోసిగి వైపు నుంచి, చిప్పగిరి వైపు నుంచి రైతులు సరుకు వేసుకుని వచ్చేవాళ్లు. దూది పింజలు గాలిలో తేలుతూ వచ్చి అన్నంలో పడేవి, కంటి రెప్పల మీద వాలేవి. పత్తిగింజల నూనె వాసన, గోనె వాసన, ఎద్దుల వాసన, వీటన్నింటినీ తోసుకుంటూ మా అవ్వ వంటింట్లోంచి వచ్చే ఇంగువ పోపు వాసన. మా ఇంటికి తెలిసిన వాసనలు ఇవే. మాంసం, గుడ్డు అనే మాటలు కూడా మా ఇంట్లో పలకరు. తప్పనిసరై పలకాల్సి వస్తే "అది" అనేవాళ్లు. ఇంకా తప్పకపోతే "నీచు" అనేవాళ్లు, అదీ పక్కకు తిరిగి.

నాకు నస పిల్ల అని పేరు. అదెందుకు వచ్చిందో చెప్పాలి. బొబ్బట్లను మా వైపు ఓళిగలంటారు. ఓళిగలు చేసిన రోజు మా అన్నకు, అంటే పెద్దనాయన కొడుక్కి, పెనం మీద నుంచి తీసినవి తీసినట్టు నెయ్యి వేసి పెట్టేవాళ్లు. నాకు చల్లారినవి, అంచులు మాడినవి. ఎందుకని నేను అడిగేదాన్ని. ఆ రోజు అడిగేదాన్ని, మరుసటి రోజు అడిగేదాన్ని, మళ్లీ పండగ వచ్చినప్పుడు పోయిన పండగ సంగతి ఎత్తేదాన్ని. "దీని నోరు గానుగమ్మా, తిరుగుతానే ఉంటాది" అనేది అవ్వ. అందరూ నవ్వేవాళ్లు. నేను అడిగింది న్యాయమా కాదా అని ఒక్కరూ చూడలేదు. తర్వాత జరిగినదానికి సగం కారణం ఆ పేరే.

నన్ను అలా పిలవని మనిషి ఆ ఇంట్లో చిన్నాయన ఒక్కడే. మా నాయనకు ఆఖరి తమ్ముడు. అప్పటికి పెళ్లి కాలేదు. సన్న మీసం, చొక్కా జేబులో దువ్వెన. సాయంత్రాలు స్టేషన్ వైపు షికారు పోయి, వచ్చేటప్పుడు కాగితంలో చుట్టిన బొరుగుల ఉగ్గాని, మిరపకాయ బజ్జి నా కోసం తెచ్చేవాడు. వీధి గుమ్మం దాటేటప్పుడు ఎప్పుడూ వక్కపొడి నములుతూ ఉండేవాడు. అంత వక్కపొడి ఎందుకు నమిలేవాడో ఇంట్లో ఎవరూ ఆలోచించలేదు.

పత్తి కొట్టులో గోడవారగా బోరేలు పేర్చి ఉండేవి. బోరెం అంటే పత్తి కుక్కిన పెద్ద గోనె సంచి. వాటి ముందు విడి పత్తి కుప్ప. పెద్దవాళ్లు భోజనాలకు లోపలికి పోయినప్పుడు మేం పిల్లలం బోరేల మీదికెక్కి కుప్పలోకి దూకేవాళ్లం. నడుం దాకా మునిగిపోయేవాళ్లం. ముక్కుల్లో, జుట్టులో, లంగా మడతల్లో దూది. ఆ రోజు అన్న దూకాడు. వాడి వెనకాల నేను ఇంకో బోరెం ఎక్కి, ఇంకా ఎత్తు నుంచి దూకాను. తూకం వేసిన కూలీ ఎవరో ఇనుప తూకం రాయిని అక్కడే వదిలేశాడు. దాని మీద పత్తి పోశారు. పైకి అంతా తెల్లగా, మెత్తగా కనిపిస్తోంది.

పత్తిలో చప్పుళ్లు వినిపించవు. నా చేయి విరిగిన చప్పుడు నాకే వినిపించలేదు. లేచి చూసుకుంటే కుడి ముంజేయి మధ్యలో, ఉండకూడని చోట, ఇంకొక మడత ఉంది.

మొదట నా వీపు మీద దెబ్బ పడింది. కొట్టింది పెద్దమ్మ. "మొగపిల్లోని మాదిరి ఎగిరితే ఇట్లనే అవుతాది" అంది. అన్నను ఎవరూ ఏమీ అనలేదు. నాయన ఊళ్లోని ఆసుపత్రికి తీసుకుపోదామన్నాడు. అవ్వ ఒప్పుకోలేదు.

"యాడికి, దవాఖానకా? పిండికట్టు ఏసి చెయ్యి మొద్దు చేసి పంపిస్తారు. ఆడపిల్లప్పా అది. వంకర చెయ్యితో ఎవురింటికి పంపిస్తావు? ఎమ్మిగనూరు పక్క కట్టు కట్టే ఆయన ఉండాడు. ఆయన దగ్గరికి తోడుకోని పో."

కట్టు కట్టే ఆ ముసలాయన మీద నాకు కోపం లేదని అనను. కానీ ఆయన దగ్గర కాళ్లూ చేతులూ బాగుపడినవాళ్లను నేనూ చూశాను. ఎమ్మిగనూరు దాకా బస్సులో పోయాం. అక్కడ వీధుల్లో మగ్గాల చప్పుడు ఒక ఇంటి నుంచి ఇంకో ఇంటికి అందుకుంటూ మా వెంటే వచ్చింది. అక్కడి నుంచి బండి. అవ్వ కూడా వచ్చింది, నా మీద ప్రేమతో కాదు, ఆయన ఏం పూస్తాడో చూడటానికి.

ఆయన నా చేయి తడిమి, ఒక్క గుంజు గుంజాడు. నా కళ్ల ముందు చీకట్లు కమ్మాయి. తేరుకుని చూసేసరికి మట్టి మూకుడులో ఉద్దిపిండి, అంటే మినప్పిండి, ఏదో ఆకు పసరు కలుపుతున్నాడు. పక్కనే గుడ్లు.

అవ్వ కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుంది. "అది ల్యాకుండా కట్టల్యావా నాయనా? మాది తినే ఇల్లు కాదు."

"తినమంటిమా అవ్వా? పూస్తాండాం గదా."

"పైన పూసినా నీచు నీచే గదప్పా."

"ఇది ల్యాకుంటే కట్టు బిగవదు. నీ మనవరాలి ఎముక కావాల్నా, నీ మడి కావాల్నా సెప్పు."

అవ్వ పక్కకు తిరిగి కూర్చుంది. ఆయన గుడ్డు తెల్లసొన కలిపి, నల్లటి ఆ ముద్దను మోచేతి కింది నుంచి వేళ్ల దాకా పట్టించి, గుడ్డ చుట్టి, వెదురు దబ్బలు పెట్టి, తాడుతో బిగించాడు. గోళ్ల కొసలు మాత్రం బయటికి కనిపిస్తున్నాయి, అవి కూడా పసరుతో నల్లగా. "వచ్చే ఆదివారం తోడుకోని రాండి. నేనే విప్పుతా. నడుమన ఎవురు విప్పినా ఎముక జరిగిపోతాది. నొప్పి ఉంటాది, నొప్పి ఉంటేనే కూడుకుంటాండాదని. వాసన కూడా వస్తాది. గుడ్డు కదా, ఎండకు మురుగుతాది. భయపడొద్దండి" అన్నాడు.

ఇంటికి రాగానే అవ్వ నన్ను లోపలికి రానివ్వలేదు. నీచు కట్టుతో వంటింటి వైపు తిరగకూడదని, గొడ్ల కొట్టం పక్క వసారాలో మంచం వేయించింది. అమ్మ అన్నం కలుపుకొని వచ్చి ముద్దలు పెట్టేది. తిరిగి వంటింట్లోకి పోవాలంటే స్నానం చేయాలి కాబట్టి, ముద్దకు ముద్దకు మధ్య నా ముఖం కన్నా పొద్దు ఎంతెక్కిందో ఎక్కువ చూసేది.

నొప్పి మొదలైంది. విరిగినప్పటి నొప్పి దీని ముందు ఏమీ కాదు. లోపల చేయి ఉబ్బుతోంది, పైన కట్టు కదలడం లేదు. ఆ రాత్రి నేను నిద్రపోలేదు, ఇంట్లో ఎవరినీ పోనివ్వలేదు. బిగువుగా ఉంది, విప్పండి అని అరిచాను. ఎవరు ఏమన్నారో నాకు ఇప్పటికీ గుర్తుంది. పెద్దమ్మ, "నొప్పి ఉంటేనే మంచిదన్నాడంట గదా, సంతోషపడు" అంది. అన్న గుమ్మం దగ్గర నిలబడి నా గొంతుతోనే "విప్పండీ, విప్పండీ" అని వెక్కిరించాడు. అవ్వ లోపలి నుంచే, "సుమ్నుండవే, కొట్టంలో ఎద్దులు బెదురుతాండాయి" అంది. తెల్లారాక అమ్మ ఒక్కతే నాయన దగ్గరికి పోయి, "ఒకపారి ఒదులు చేసి సూస్తామా?" అని అడిగింది. నాయన మార్కెట్టుకు బయలుదేరుతున్నాడు. "దానికి అంతా ఎక్కువే. ఆదివారం దాకా ఆగమను" అన్నాడు.

బుధవారానికి నొప్పి తగ్గిపోయింది.

ఇంట్లో అందరూ ఊపిరి పీల్చుకున్నారు. అమ్మ గసగసాల పాయసం చేసింది. నాకు మాత్రం అసలు భయం అప్పుడే మొదలైంది. వేళ్లు కదిపితే కదలడం లేదు. ఎడమ చేత్తో గోళ్ల కొసలు పట్టుకుంటే ఎవరి గోళ్లో పట్టుకున్నట్టుంది. చల్లగా, రాత్రి బయట వదిలేసిన చెంబులాగా ఉన్నాయి. "మా, నొప్పి పోలేదు. చెయ్యే పోయింది" అన్నాను. అమ్మ చెంచాతో పాయసం నోట్లో పెడుతూ ఆగిపోయింది. ఆ మాట విని అవ్వ లోపలి నుంచి అంది, "నొప్పి ఉంటే ఏడుస్తాది, ల్యాకుంటే ఏడుస్తాది. ఏం పిల్లమ్మా ఇది!"

అందరూ నవ్వారు. ఆ నవ్వులో అమ్మ కూడా ఉంది. నేను చూశాను.

మరుసటి రోజుకు వాసన మొదలైంది. మొదట తియ్యగా, తర్వాత ముక్కు పగిలేలా. ఈగలు వచ్చాయి. ఎడమ చేత్తో తోలి తోలి అలసిపోయాను. జ్వరం వచ్చింది. మా ఇంట్లో ఎవరికీ గుడ్డు వాసన ఎలా ఉంటుందో తెలియదు. కుళ్లినదే కాదు, మంచిది కూడా తెలియదు. కట్టినాయన మురుగుతుందని చెప్పాడు, వీళ్లు మురిగిందనుకున్నారు. ఎవరికైనా రవ్వంత అనుమానం వచ్చినా, దగ్గరికి వచ్చి ముక్కు పెట్టి చూడటానికి అసహ్యం. "తినేటోళ్లు ఎట్ల తింటారో తల్లీ ఈ కంపును" అంటూ పెద్దమ్మ దూరం నుంచే సాంబ్రాణి పొగ వేసి పోయేది. నాకు కూడా అది గుడ్డు వాసనే అనిపించింది. చెప్పినవాళ్లంతా అదే చెప్పారు కదా.

శుక్రవారం సాయంత్రం చిన్నాయన వచ్చాడు. రెండు మూడు రోజులుగా గింజల లెక్కలకని మిల్లులోనే ఉండిపోయాడు. చేతిలో ఉగ్గాని పొట్లం, నోట్లో వక్కపొడి. నవ్వుతూనే మంచం దగ్గరికి వచ్చి వంగాడు. నవ్వు ఆగిపోయింది. నమలడం ఆగిపోయింది. ఇంకొంచెం వంగి మళ్లీ వాసన చూశాడు. తర్వాత తలెత్తి వంటింటి కిటికీ వైపు చూశాడు. లోపల అవ్వ దీపం ముందు కూర్చుని గట్టిగా నామాలు చదువుకుంటోంది.

"చిన్నాయనా, గుడ్డు ఇంత కంపు కొడతాదా?" అని అడిగాను.

ఆయన నా ముఖం చూడలేదు. "నాకేం తెల్సు పాపా?" అన్నాడు. పొట్లం మంచం మీద పెట్టి వెళ్లిపోయాడు.

నాకేం తెలుసు అన్నాడు. జ్వరంలో ఉన్నాను, చాలా సంగతులు చెదిరిపోయాయి, కానీ ఆ మాట, ఆ చూపు చెదరలేదు. పొట్లం తెల్లారేదాకా నా పక్కనే ఉంది. బజ్జీలకు చీమలు పట్టాయి.

శనివారం పొద్దున నాకు సగం తెలివే ఉంది. పెరట్లో అమ్మ అంట్లు తోముతోంది. పెద్దమ్మ ఉద్దిబేడలు రుబ్బుతోంది. అవ్వ మడిచీరతో బావి దగ్గర నుంచి వస్తోంది. చిన్నాయన లోపలి నుంచి వచ్చి పెరటి మధ్యలో నిలబడ్డాడు. రాత్రంతా నిద్ర లేనట్టు కళ్లు ఎర్రగా ఉన్నాయి.

"అమ్మా, ఆ పిల్ల చెయ్యి వాసన గుడ్డు వాసన కాదు."

అవ్వ బిందె దించకుండానే నిలబడింది. "నీకెట్ల తెల్సురా?"

రుబ్బురోలు ఆగిపోయింది. అమ్మ చేతిలో చెంబు ఆగిపోయింది.

"నీకెట్ల తెల్సు అంటాండా."

"తిన్న్యా కాబట్టి తెల్సు" అన్నాడు చిన్నాయన. "స్టేషన్ కాడ బండి మీద తింటాండా. శానా దినాలైంది. గుడ్డు మురిగినా ఇట్ల రాదు. అది గుడ్డు కాదు మా, పిల్ల చెయ్యి కుళ్లిపోతాండాది."

అవ్వ బిందె కింద పడింది. నీళ్లు నా మంచం కాళ్ల దాకా వచ్చాయి. ఆమె అక్కడే కూలబడి నెత్తి కొట్టుకుంటూ ఏడవడం మొదలుపెట్టింది. నా కోసం అనుకున్నాను. "నా కడుపున పుట్టి అది తింటివా రా! ఆ నోటితోనే నా చేతి ముద్ద తింటివా!" అని ఏడ్చింది. మొదటి ఏడుపు ఆయన తిన్నదాని కోసం. రెండో ఏడుపు నా కోసం. ఆ వరస నేను మరిచిపోలేదు. పెద్దమ్మ కూడా నా దగ్గరికి రాకుండా అవ్వ దగ్గరికే పరుగెత్తింది. అమ్మ ఒక్కతే బూడిద చేతులతో వచ్చి నా మీద పడింది.

చిన్నాయన కత్తిపీట తెచ్చి తాళ్లు కోశాడు. మండీలోంచి నాయన పరుగున వచ్చాడు. దబ్బలు తీసి, గుడ్డ కొంత విప్పి చూసి, నాయన మళ్లీ కప్పేశాడు. నన్ను చూడనివ్వలేదు. జీపు కోసం తనే వీధిలోకి పరుగెత్తాడు.

ఆదోని ఆసుపత్రిలో చేయి చూడగానే కర్నూలుకు పంపారు. జీపులో అమ్మ ఒడిలో తల పెట్టుకుని పడుకున్నాను. ముక్కులు మూసుకునే ధైర్యం ఎవరికీ లేదు. కర్నూలులో పెద్ద డాక్టరు మొదట నాయనను ఒక ప్రశ్న అడిగాడు. "వాసన ఎప్పటి నుంచి?"

నాయన చెప్పాడు. చిన్నాయన గోడకానుకుని నిలబడి ఉన్నాడు.

"నిన్న తెచ్చి ఉంటే మణికట్టు దగ్గర ఆపే ప్రయత్నమన్నా చేసేవాళ్లం" అన్నాడు డాక్టరు. "ఇప్పుడు ముంజేయి తీసేయాల్సిందే. మోచేయి కింద బెత్తెడు మిగిలిస్తాను. విషం పైకి పాకితే మళ్లీ మోచేయి పైన కోయాలి. ఆ మోచేయి ముఖ్యం. అది ఉంటే ఈ పిల్ల తన పనులు చాలా మటుకు తనే చేసుకుంటుంది. అది పోతే కష్టం."

మాతో వచ్చిన అవ్వ కాళ్లావేళ్లా పడింది. "మందులిచ్చి సూడప్పా. చెయ్యి ల్యాకుంటే దీనికి పెండ్లెట్ల?"

"చెయ్యి కావాలా అవ్వా, పిల్ల కావాలా?" అన్నాడాయన. ఇలాంటి ప్రశ్నే కట్టు కట్టినాయన కూడా అవ్వను అడిగాడు. ఆమె అప్పుడూ పక్కకు తిరిగింది, ఇప్పుడూ పక్కకు తిరిగింది. నాయన సంతకం పెట్టాడు.

మెలకువ వచ్చాక నేను చేతి వైపు చూడలేదు. చూడాల్సిన అవసరం లేదనిపించింది, ఎందుకంటే చేయి ఉంది. వేళ్లు ఉన్నాయి. ఎలా కట్టారో అలాగే ముడుచుకుని, బిగుసుకుని, నొప్పిగా ఉన్నాయి. అమ్మతో చెప్పాను. అమ్మ నోట్లో కొంగు కుక్కుకుంది. అప్పుడు చూశాను. మోచేతి కింద కొంచెం దూరం తెల్లటి కట్టు ఉంది, దాని తర్వాత దుప్పటి ఉంది.

"లేని వేళ్లు నొప్పేందే!" అని అవ్వ భయపడి, ఎక్కడి నుంచో తాయెత్తు తెప్పించి ఎడమ చేతికి కట్టింది. చాలామందికి ఇలాగే ఉంటుందని, తీసేసిన చేయి ఉన్నట్టే నొప్పి పుడుతుందని, మెల్లగా పోతుందని డాక్టరు చెప్పాడు. ఆయన మంచికే చెప్పాడు. కానీ అప్పటి నుంచి నేను నొప్పి అన్నప్పుడల్లా మావాళ్లకు జవాబు సిద్ధంగా ఉండేది. "అది లేని చెయ్యి నొప్పిలే, పోతాది."

ప్రతి పొద్దున డాక్టరు వచ్చి, మోచేతి పైన, కింద వేలితో నొక్కి చూసేవాడు. ఆ వేలు ఎక్కడ ఆగుతుందో నేను ఊపిరి బిగబట్టి చూసేదాన్ని. మోచేతి మీద ఆగితే గుండె ఆగినట్టుండేది. కిందికి జారితే ఊపిరి వచ్చేది. కట్టు మార్చి, బాగుంది అని వెళ్లిపోయేవాడు. నేను మోచేయి మడిచి, చాచి, మళ్లీ మడిచి చూసుకునేదాన్ని. నొప్పి పుట్టినా ఆపేదాన్ని కాదు. ఉన్నదేదో ఉందని నాకు తెలియాలి.

చిన్నాయన ఆసుపత్రిలోనే ఉండిపోయాడు. ఇంటికి పోతే అవ్వ వంటింటి గడప తొక్కనివ్వదు. వార్డు బయట వరండాలో పడుకునేవాడు, మందులు తెచ్చేవాడు, నా మంచం కాళ్ల వైపు స్టూలు మీద కూర్చునేవాడు. నేను ఆయనతో మాట్లాడలేదు. ఆయన తెచ్చిన బత్తాయిలు అమ్మ ఒలిచి పెడితే తిన్నాను, ఆయన ఒలిస్తే తినలేదు.

ఒక మధ్యాహ్నం కట్టు లోపల మంట మొదలైంది. మధ్యమధ్యలో పోటు. పొద్దున డాక్టరు చూసి పోయాడు, బాగానే ఉందన్నాడు. అమ్మతో చెప్పాను.

"వేళ్లా?" అంది అమ్మ.

"వేళ్లు కాదు మా. ఉన్న చెయ్యి. ఉన్నదే నొప్పి."

"నీకట్ల అనిపిస్తాదని సెప్పినాడు గదా తల్లీ. కండ్లు మూసుకో."

నేను కళ్లు మూసుకున్నాను. అంతకు ముందు ఎప్పుడూ లేని భయం అప్పుడు పట్టుకుంది. నిజంగానే ఇది ఉన్న చేయి నొప్పేనా? లేని వేళ్లు కూడా ఇంత నిజంగానే నొప్పి పెడుతున్నాయి కదా. ఏది ఉన్నదో ఏది లేనిదో నాకే తెలియకపోతే ఎవరితో ఏమని చెప్పేది? పుట్టినప్పటి నుంచి నా మాట ఎవరూ నమ్మకపోయినా నేను నమ్మాను. ఆ మధ్యాహ్నం నేను కూడా నమ్మలేకపోయాను. పోటు మోచేతి మడత దాకా వచ్చింది. ఇంకొంచెం పైకి వస్తే మళ్లీ ఆపరేషన్ గదిలోకి తీసుకుపోతారు.

కళ్లు తెరిచాను. స్టూలు మీద చిన్నాయన ఉన్నాడు.

"వాసన చూడు" అన్నాను.

ఆయన ఉలిక్కిపడ్డాడు. ఇన్ని రోజుల్లో నేను ఆయనతో అన్న మొదటి మాట అది. లేచి వచ్చి వంగాడు. ముక్కు కట్టుకు ఆనించి కళ్లు మూసుకుని లోపలికి పీల్చాడు. నేను ఆయన ముఖాన్నే చూస్తున్నాను. వసారాలో ఆ సాయంత్రం ఎలా చూశానో అలాగే. ఈసారి ఆయన ఎవరి వైపూ చూడలేదు. చెప్పులు మంచం కిందే వదిలేసి వార్డులో పరుగెత్తాడు. "డాక్టర్ సాబ్! డాక్టర్ సాబ్!" అన్న కేక ఆ చివర నుంచి వినిపించింది. పక్క మంచం ముసలామె, "ఎవురికేమైంది?" అని లేచి కూర్చుంది.

కట్టు విప్పితే లోపల చీము పట్టింది. కుట్లు విప్పి, కడిగి, మళ్లీ మత్తు ఇచ్చారు. మత్తు తలకెక్కుతున్నప్పుడు నేను అడిగింది ఒక్కటే, "మోచెయ్యి?" అని. జవాబు వినిపించేలోపే నిద్ర పట్టింది. మెలకువ వచ్చాక ముందు ఎడమ చేత్తో తడిమి చూసుకున్నాను. ఉంది. ఆ తర్వాత కొన్నాళ్లు డాక్టరు వేలు పైకి పోతూ, ఆగుతూ, భయపెడుతూనే ఉంది. మెల్లమెల్లగా కిందికి దిగింది. ఒక పొద్దున ఆయన నొక్కకుండానే, "నీ మోచేయి నీదేనమ్మాయి" అన్నాడు. అమ్మ ఆయన కాళ్లకు మొక్కింది. నేను మడిచి చూపించాను.

ఇంటికి వచ్చాక ఇంకో రకం కష్టాలు మొదలయ్యాయి. ఎడమ చేత్తో తినే పిల్లను పంక్తిలో ఎక్కడ కూర్చోబెట్టాలో మా ఇంట్లో ఎవరికీ తెలియలేదు. కొన్నాళ్లు చివర కూర్చోబెట్టారు. గుడిలో తీర్థం పోసే ఆయన నా ఎడమ చేయి చూసి, ఉద్ధరిణె వెనక్కి తీసుకున్నాడు. అమ్మ తన చేతిలో పోయించుకుని నా నోట్లో పోసింది. పక్కింటి పేరంటంలో నేను తాంబూలం అందిస్తే ఒకావిడ, "మీ అమ్మతో ఇప్పించు పాపా" అంది. ఆవిడ చీర రంగు కూడా చెప్పగలను. నాయన ఎక్కడి నుంచో రబ్బరు చేయి తెప్పించాడు. గులాబీ రంగుది. ఆ రంగు మనుషులు మా జిల్లాలోనే ఎవరూ లేరు. ఒకరోజు పెట్టుకుని బడికి పోయాను. ఆ తర్వాత అది పెట్టెలో ఉండిపోయింది.

మోచేయి మాత్రం డాక్టరు చెప్పినట్టే పని చేసింది. పలకా పుస్తకాలూ దాని మడతలోనే మోశాను. బిందె చంకలో పెట్టుకుని దానితోనే ఆపాను. వంకాయను దాని కింద నొక్కిపెట్టి ఎడమ చేత్తో తరిగాను. పెళ్లెట్ల అని ఏడ్చిన అవ్వ బతికుండగానే పెళ్లీ అయింది. నా కొడుకును ఆ మడతలోనే ఎత్తుకుని తిరిగాను.

అవ్వ చిన్నాయన మీసం తీయించి, మంత్రాలయానికి పంపి, నదిలో ముంచి తెప్పించింది. ఆ తర్వాతే వంటింట్లోకి రానిచ్చింది. కొన్నేళ్లకు మా ఇంట్లో ఈ సంగతి ఇంకో రకంగా చెప్పుకోవడం మొదలైంది. చిన్నాయన తన పరువు పోయినా పర్వాలేదని నోరు విప్పి చెప్పబట్టే పిల్ల బతికింది, ఆసుపత్రిలో ఆయన పరుగెత్తబట్టే మోచేయి మిగిలింది అని. పెళ్లిళ్లలో, పేరంటాల్లో కొత్తవాళ్లకు పెద్దమ్మ కథలా చెప్పేది. అందులో అబద్ధం లేదు. శుక్రవారం సాయంత్రం ఒక్కటే లేదు. అది తెలిసినవాళ్లం ఇద్దరమే. నాకు తెలుసని ఆయనకు తెలుసు.

ఓళిగ అంచు మాడిందని ఏళ్ల తరబడి అడిగిన దాన్ని నేను. ఈ ఒక్క సంగతి మాత్రం ఎవరి దగ్గరా ఎత్తలేదు. అమ్మ దగ్గర కూడా. చిన్నాయన ఉన్నచోట మాత్రం కుడి చేయి కొంగు కింద దాచుకునేదాన్ని కాదు. ఆయనకు ఎదురుగా నిలబడి మోచేయి మడిచేదాన్ని. ఆయన చూపు తిప్పుకునేవాడు.

ఆయన ముసలివాడయ్యాక ఒకసారి మా ఇంటికి వచ్చాడు. నేను కాఫీ కలిపి తెచ్చాను. గ్లాసు రెండు చేతులతో అందుకుని, తాగకుండా అలాగే పట్టుకుని కూర్చున్నాడు. "పాపా, ఆ పొద్దు సాయంత్రం..." అన్నాడు. ఆయన ఏం చెప్పబోతున్నాడో నాకు తెలుసు. చెప్పనిస్తే ఆయన బరువు దిగేది. నా చేతిలో ఇంకేం మిగిలేది?

"కాఫీ సల్లారతాండాది. తాగు చిన్నాయనా" అన్నాను.

ఆయన నా వైపు చూశాడు. ఈసారి చూపు తిప్పుకోలేదు. మెల్లగా కాఫీ తాగేసి గ్లాసు నా వైపు చాపాడు. నేను దాన్ని తీసుకుని మోచేతి మడతలో పెట్టుకుని లోపలికి వచ్చేశాను.